లోపలి గడియ

మాస్టరు తలుపుకి లోపలివైపు గడియ బిగిస్తుంటే బయటివైపు ఎవరో జిగురు పూస్తున్నారు. మధ్యలో ఉన్నది బొటనవేలంత మందం చెక్క. ఇటు స్క్రూ తిరుగుతున్న కీచు, అటు తడి బ్రష్షు రాసుకుంటున్న చప్పుడు. ఏ నీళ్ళ డబ్బాలవాడో, నల్లుల మందువాడో ప్రకటన అంటిస్తున్నాడనుకున్నాడు.

"ఇక్కడొద్దు బాబూ, కొత్తగా రంగు వేయించాను" అన్నాడు లోపలినుంచే.

బ్రష్షు ఆగింది. "ఆఫీసు నోటీసండీ. రంగు సంగతి మాకు తెలీదు" అంది అవతలి గొంతు. మళ్ళీ బ్రష్షు కదిలింది.

మాస్టరు వెంటనే తలుపు తియ్యలేదు. ఇంకో రెండు చుట్లు తిప్పితే స్క్రూ బిగుస్తుంది. ముందు అది కానిచ్చాడు. గడియ ఒకసారి వేసి చూశాడు. మెత్తగా, నూనె రాసినట్టు జారి దాని ఇంట్లో అది కూర్చుంది. ఆ తర్వాతే తీసి బయటికొచ్చాడు. అప్పటికి జిగురు డబ్బా మనిషి ఒక అంతస్తు దిగిపోయాడు.

గడియ విషయంలో మాస్టరుది కొంచెం పిచ్చే. పుట్టింది ఒకటే గదిలో, ఆరుగురి మధ్య. పెద్దయ్యాక సగం జీవితం కుట్టుపనివాళ్ళ సహకార సంఘం హాల్లో కత్తిరింపుల బల్ల ముందు గడిచింది. మిగతా సగం అక్కా బావల ఇంటి ముందుగదిలో, తీగకి వేలాడే తెర వెనకాల. ఆ తెర తనే కుట్టుకున్నాడు, రెండు పొరలు వేసి, గాలికి ఎగరకుండా అంచులో బరువు పెట్టి. ఎంత బాగా కుట్టినా తెర తెరే. దాన్ని తట్టి లోపలికి రావడం కుదరదు కాబట్టి ఎవరూ తట్టేవాళ్ళు కారు. పెళ్ళి మాట వచ్చినప్పుడల్లా "తెర వెనకాల ఇద్దరికి చోటెక్కడుందే" అని నవ్వేసేవాడు. నవ్వి నవ్వి ఆ మాట రావడమే మానేసింది.

అతనికి మనుషులంటే కోపం లేదు. ఎవరూ చూడని చోట తన ముఖం ఎలా ఉంటుందో తనకి తెలియదు, అంతే. ఆ సంగతి తెలుసుకోవాలన్న కోరిక లోపల ఎక్కడో చిన్న ముల్లులా ఉండేది. దానికోసమే ఈ గది. బ్యాటరీల కొట్టు మీద మూడో అంతస్తు. ఒక కిటికీ. ఎండ నేరుగా పడదు. గుడ్డ రంగుని ఉన్నది ఉన్నట్టు చూపించే వెలుగు మాత్రం రోజంతా ఉంటుంది. సంఘం వదిలి రెడీమేడ్ దుకాణంలో చేరి, ప్యాంట్ల పొడవు తగ్గిస్తూ, నడుములు వదులు చేస్తూ కూడబెట్టినదంతా ఇందులో పోశాడు. పడుకోవడానికి ఒక చాప తప్ప ఇంకా సామాను కూడా తెచ్చుకోలేదు. ముందు గడియ తెచ్చాడు.

నోటీసు తడి ఆరలేదు. నిలబడే చదివాడు. కుట్టుపనివాళ్ళ సంఘాన్ని మూసేస్తున్నారు. బ్యాంకుకి సంఘం పడిన బాకీకి సభ్యులందరూ సొంతంగా పూచీదారులు. ఫలానా సభ్యుడి పేరున ఉన్న ఈ గదిని అందుకోసం జప్తులోకి తీసుకుంటున్నారు. అభ్యంతరం ఉంటే ఈ వారమే జరిగే విచారణకి హాజరై చెప్పుకోవచ్చు.

మాస్టరు నవ్వాడు. నిజంగానే నవ్వొచ్చింది. తను సంఘం వదిలి ఏళ్ళయింది. ఎవరో పాత పేర్లు చూసి పంపుంటారు. వెళ్ళి ఒక్క ముక్క చెప్పించుకుంటే సరిపోతుంది. అంచు పట్టి నోటీసు పీకబోయాడు. కాగితంతోపాటు కొత్త రంగు పెచ్చు లేచింది. వదిలేశాడు.

* * *

సంఘం హాలు తలుపులు బార్లా తెరిచే ఉన్నాయి. మిషన్లన్నిటికీ కాగితం సీళ్ళు వేశారు, కత్తిరింపుల బల్లకి కూడా. అయినా జనం వచ్చారు. ఎవరి మిషను ముందు వాళ్ళు ఎప్పటిలాగే స్టూళ్ళ మీద కూర్చుని, చేతులేం చెయ్యాలో తెలియక ఒళ్ళో పెట్టుకుని ఉన్నారు. గోడ పొడుగునా కోట్లు వేలాడుతున్నాయి. ముదురెరుపు, ఇత్తడి గుండీలు, భుజం మీద బంగారు తాడు. గుమ్మాల దగ్గర నిలబడి సలాం కొట్టేవాళ్ళకోసం ఒక హోటళ్ళ కంపెనీ ఆర్డరిచ్చింది. బ్యాంకులో అప్పు తెచ్చి గుడ్డ కొన్నారు. కోట్లు తయారయ్యేసరికి ఆ కంపెనీ గుమ్మాలే మూతపడ్డాయి.

"రావయ్యా మాస్టరూ, రా రా" అంటూ ప్రెసిడెంటు లేచాడు. జీవితమంతా కాలర్లు కుట్టిన ఆ మనిషికి మెడ మాత్రం లేదు. తలకాయ నేరుగా భుజాల మీద కూర్చుంటుంది. "ఇన్నాళ్ళకి దారి తెలిసిందా?"

"నా గదికి నోటీసంటించారు."

"గదా? ఏ గది?"

"నేను కొనుక్కున్న గది."

ప్రెసిడెంటు వెనక్కి తిరిగి హాలంతటికీ వినబడేలా, "విన్నారా, మన మాస్టరు గది కొన్నాడంట" అన్నాడు.

హాల్లో ఒక్కసారి ప్రాణం లేచొచ్చింది. స్టూళ్ళు జరిగాయి. చుట్టూ మూగారు. ఎక్కడ, ఎన్నో అంతస్తు, నీళ్ళొస్తాయా, అద్దెకున్నవాళ్ళని ఖాళీ చేయించావా. ఇస్త్రీ బాబాయి వచ్చి రెండు చేతులూ పట్టుకుని ఊపేశాడు. నిప్పుల పెట్టె ముందు నలభై ఏళ్ళు నిలబడ్డ ఆ చేతులు ఇప్పటికీ వెచ్చగానే ఉన్నాయి. "మన హాల్లోంచి ఒక్కడన్నా సొంత కప్పు కిందికి పోయాడు. చాలు. టీ నాది" అన్నాడు.

"బాబాయ్, దాన్ని జప్తు చేస్తున్నారు."

"అవునవును, అదే చెప్తున్నావు కదా" అన్నాడు బాబాయి, ఇంకా ఊపుతూనే.

మాస్టరు చేతులు విడిపించుకున్నాడు. "నాకు టీ వద్దు. నేను సంఘంలో లేనని రేపు విచారణలో చెప్పండి. అంతే. ఇంకేం అడగను."

సందడి తగ్గింది. ప్రెసిడెంటు లేని మెడని తడుముకున్నాడు. కాజాలమ్మ వైపు చూశాడు. ఆవిడ పేరెవరికీ గుర్తులేదు. మిషను కాజాలు కాజాలే కావని చేత్తోనే వేస్తుంది కాబట్టి కాజాలమ్మ. పెద్దామె. సన్నగా, సూదిలాగే ఉంటుంది. ఆవిడ ముఖం నిండా ఏదో మంచి కబురు దాచుకున్నవాళ్ళకి వచ్చే మెరుపు వచ్చింది.

"లేకపోవడమేంటి నాయనా, ఉన్నావు. నిన్ను పోనిచ్చామనుకున్నావా?"

"అంటే?"

"నీ చందా ప్రతి ఏడూ మేమే కట్టాం. మొదటేడు ప్రెసిడెంటు కట్టాడు. తర్వాత నేను. ఒకేడు బాబాయి, ఒకేడు అందరం తలో కాస్తా వేసుకున్నాం. నీ పేరు మాత్రం ఒక్క ఏడు కూడా తెగనివ్వలేదు."

"ఎందుకు?" అన్నాడు మాస్టరు.

"ఎందుకేంటి? ఆ దుకాణంలో నీకు పడక రేపు వెనక్కొచ్చావనుకో. మళ్ళీ కొత్తగా చేరాలంటే ఎంత ఖర్చు, ఎంత నామోషీ. నీకు చెప్తే ఒప్పుకోవు. అందుకే చెప్పలేదు."

"నేను వెళ్ళిపోయాను కదా."

"వెళ్ళొస్తానన్నావు గానీ, వెళ్ళిపోతానని ఎప్పుడన్నావయ్యా" అన్నాడు ప్రెసిడెంటు. అందరూ నవ్వారు.

మాస్టరు కాజాలమ్మ ముఖంలోకి చూశాడు. కోపం రావాలంటే ఎదుటి ముఖంలో దానికి పట్టు దొరకాలి. కాస్త స్వార్థం, కాస్త వెటకారం, ఏదో ఒకటి. వెతికాడు. ఏమీ దొరకలేదు. కోపం వచ్చినదారినే వెనక్కి తిరిగి తనమీదే పడింది. వదిలి వెళ్ళిన రోజు ఇదే హాల్లో, ఇదే చోట నిలబడి, సూటిగా చెప్పలేక "కొన్నాళ్ళు రాలేనేమో" అన్నది తనే. ఏడుపులూ బతిమాలుకోవడాలూ చూడలేక. మనుషుల ముఖాన తలుపు వెయ్యలేని జబ్బు అది. బహుశా అందుకే తలుపులంటే అంత మోజు.

గోడవైపు చూశాడు. వరసగా మేకులు, ఒక్కొక్కరి కత్తెర ఒక్కో మేకుకి. అతని కత్తెర అతని మేకుకే ఉంది. తుప్పు లేదు. ఎవరో నూనె పెడుతున్నారు. ఎవరో ఏంటి, బాబాయే.

"మరి అందరి బాకీకి నా గదే ఎందుకు?" అన్నాడు.

"ఒక్కొక్కరం మొత్తానికి పూచీ. అలా రాసుకున్నాం కదా" అన్నాడు ప్రెసిడెంటు మెల్లగా. "వాటాలేసి పంచరు. ఎవరి దగ్గర దొరికితే వాళ్ళ దగ్గర వసూలు చేస్తారు. మేమంతా అద్దె కొంపలవాళ్ళం. మా దగ్గర దులిపితే దారపు ముక్కలు రాల్తాయి. నీ పేరున గదుంది."

"అలా ఎవడు రాయమన్నాడు?"

ప్రెసిడెంటు సమాధానం చెప్పడానికి ఇబ్బంది పడ్డాడు. బాబాయి పడలేదు. "నువ్వే. సంఘం పెట్టినరోజు బల్లెక్కి చెప్పావు కదా. లాభమొస్తే అందరం, నష్టమొస్తే ఎవడి దారి వాడు అనే సంఘం నాకొద్దు అని. నేను చప్పట్లు కొట్టాను."

మాస్టరుకి ఆ కుర్రాడు గుర్తొచ్చాడు. ఉంగరాల జుట్టు, జేబులో సుద్దముక్క, నోటినిండా మాటలు. వాడి కాలరు పట్టుకుని నాలుగు తగిలించాలనిపించింది.

"సరే" అన్నాడు చివరికి. "రేపు విచారణకి రండి. వచ్చి ఒకటే మాట చెప్పండి. నేను అప్పుడే వెళ్ళిపోయాను, చందా నాకు తెలియకుండా మీరు కట్టారు. ఉన్నదే అది. దానికి ముందూ వెనకా ఏమీ కలపొద్దు."

"ఒకటే మాట" అన్నాడు ప్రెసిడెంటు, గుండె మీద చెయ్యేసుకుని.

"నిన్ను బయటపడేసే పూచీ మాది" అంది కాజాలమ్మ.

ఆ మాట వినగానే మాస్టరుకి భయమేసింది.

* * *

సాయంత్రం అక్క ఇంటికి వెళ్ళాడు. సంగతి చెప్పాడు. బావ కుర్చీలోంచి మెడ సాచి, "తీగ ఇంకా తియ్యలేదులే" అన్నాడు ముందుగదివైపు చూపిస్తూ. "తువ్వాళ్ళు ఆరేసుకుంటున్నాం. నువ్వొస్తే తువ్వాళ్ళు తీసేస్తాం. అంతేగా."

"మీరూరుకోండి" అంది అక్క. తర్వాత తమ్ముడితో, "తెర ఉతికి మడతపెట్టాన్రా. ఎక్కడికీ పోదు" అంది.

ఓదార్పుకే అంది. మాస్టరు తీగవైపు చూశాడు. దానిమీద రెండు తువ్వాళ్ళు, మధ్యలో ఖాళీ. తను లేని చోటు కూడా తనకోసం కాచుకుని ఉంది. హాల్లో మేకు, ఇక్కడ తీగ. మనిషి ఎక్కడినుంచైనా వెళ్ళిపోతే అతని ఆకారంలో ఒక గుంట మిగులుతుంది కాబోలు. దాన్ని పూడ్చెయ్యాలని ఎవరికీ ఎందుకనిపించదు? అందరూ దానికి నూనె పెట్టి, ఉతికి, మడతపెట్టి ఉంచుతారు. ఈ ప్రేమలో ఊపిరాడకపోతే, ఆడటం లేదని ఏ నోటితో చెప్పాలి?

అన్నం తినమంటే ఆకలి లేదన్నాడు. అయినా తినిపించింది.

* * *

విచారణ రోజు మాస్టరు జాగ్రత్తగా తయారయ్యాడు. ఉన్నవాటిలో మంచి చొక్కా తీశాడు. లేత నీలం మీద బూడిదరంగు గళ్ళు. భుజం దగ్గర గళ్ళు గళ్ళకి అతికి, కుట్టు ఎక్కడుందో తెలియనట్టు తనే కత్తిరించి తనే కుట్టుకున్నది. మంచి పనివాడినని చూడగానే తెలియాలి, సంఘాల మీద ఆధారపడే మనిషిని కానని తెలియాలి.

అధికారి గదిలో ఒక పొడుగాటి బెంచీ ఉంది. సంఘంవాళ్ళు ముందే వచ్చి వరసగా కూర్చున్నారు. అతన్ని చూసి జరిగి మధ్యలో చోటిచ్చారు. కూర్చున్నాక ఏదో తేడాగా అనిపించింది. ఏమిటో వెంటనే తెలియలేదు. పక్కనున్న ప్రెసిడెంటు చెయ్యి కనబడింది. లేత నీలం మీద బూడిద గళ్ళు. ఇటు బాబాయి. లేత నీలం మీద బూడిద గళ్ళు. కాజాలమ్మ భుజానికి తగిలించుకున్న సంచీ కూడా అదే.

ఏటా సంవత్సరం చివర సంఘంలో ఒక తానులోంచి ప్రతి సభ్యుడికీ ఒక చొక్కా ముక్క ఇస్తారు. అతను సంఘం వదిలాక కూడా బాబాయి ప్రతిసారీ దుకాణానికి వచ్చి పొట్లం చేతిలో పెట్టేవాడు. పాత స్నేహంకొద్దీ ఇస్తున్నారనుకుని తీసుకున్నాడు. వద్దంటే బాబాయి బాధపడతాడని కూడా తీసుకున్నాడు. గుడ్డ బాగుండేది, అదొకటి. ఇవాళ పెద్ద ఆఫీసు కదా అని అందరూ ఉన్నవాటిలో మంచి చొక్కా తీశారు. అతనూ తీశాడు.

లేచి బయటికి పోదామనుకున్నాడు. పోయి ఏం చేస్తాడు? చొక్కా విప్పి రాలేడు.

అధికారి నడివయసు ఆవిడ. కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుని, ఎదురుగా ఉన్న బెంచీని ఈ చివరనుంచి ఆ చివరదాకా ఒకసారి చూసింది.

"మీ అభ్యంతరం చెప్పండి" అంది మాస్టరుతో.

చెప్పాడు. నిదానంగా, కత్తిరింపుకి ముందు సుద్దతో గీసినంత సూటిగా. సంఘం వదిలాను, వేరేచోట జీతానికి చేరాను, చందా నాకు తెలియకుండా వీళ్ళు కట్టారు. ఆవిడ తలూపింది. ప్రెసిడెంటు వైపు తిరిగింది. "ఈయన ఎప్పుడు వదిలారు?"

ఒకటే మాట చెప్పాల్సిన ప్రెసిడెంటుకి అంత చిన్న మాటతో మనిషిని కాపాడగలమా అని అనుమానం వచ్చినట్టుంది. "ఎప్పుడో అండి. అప్పుకి చాలా ముందే. అసలు నాతో పోట్లాడి, కత్తెర నా మొహాన కొట్టి వెళ్ళిపోయాడండి. అప్పట్నుంచి మాకు మాటల్లేవు."

"మాటల్లేవా?"

"లేవండి" అన్నాడు ప్రెసిడెంటు, మాస్టరు మోకాలి మీద ధైర్యంగా చెయ్యేసి.

"పోట్లాట ఎక్కడండీ" అంది కాజాలమ్మ, ఇది మాస్టరుకి చెడ్డపేరు తెస్తుందని కంగారుపడి. "ఆయన అలాంటి మనిషి కాదు. జబ్బు చేసి మానేశాడు. చూపు ఆనకుండా పోయిందండి."

"చూపు ఆనదా? ఇప్పుడు ఎక్కడో కుట్టుపనే చేస్తున్నానన్నారే?"

"తడిమి కుడతాడండి" అంది కాజాలమ్మ.

మాస్టరు కళ్ళు మూసుకున్నాడు. చూపానని మనిషికి అది సరిగ్గా సరిపోయింది.

బాబాయి ఇద్దరి కథలూ అతకడం లేదని గమనించాడు. అన్నిటికీ పైన దుప్పటిలా కప్పేద్దామని లేచి నిలబడ్డాడు. "అమ్మా, వీళ్ళు కంగారులో ఏదేదో అంటున్నారు. నిజం నేను చెప్తాను. ఈయన అసలు ఎప్పుడూ మా సంఘంలో చేరనేలేదు."

అధికారి కళ్ళజోడు కిందికి దించుకుంది. బాబాయి చొక్కా చూసింది, మాస్టరు చొక్కా చూసింది.

"బాగుంది గుడ్డ" అంది. "ఎక్కడిది?"

"మాదేనండి" అన్నాడు బాబాయి. ఎవరైనా గుడ్డని మెచ్చుకుంటే అతను ఆగలేడు. "సంఘం గుడ్డ. ఏడాదికోసారి ఇస్తాం."

"ఎవరికైనా ఇస్తారా?"

"అయ్యో, బయటివాళ్ళకి జానెడు కూడా ఇవ్వమండి. ఒట్టి సభ్యులకే."

అన్నాక బాబాయికి అర్థమైంది. నోరు తెరిచినవాడు తెరిచినట్టే కూర్చున్నాడు. వెచ్చటి చేతులు రెండూ మోకాళ్ళ మధ్య దాచుకున్నాడు. మాస్టరుకి ఆ ముసలాయన్ని తిట్టాలో, వీపు నిమరాలో తెలియలేదు. రెండూ చెయ్యలేదు.

"అందరి బాకీ నేనొక్కణ్ణీ కట్టడం న్యాయమేనా?" అని అడిగాడు. అడగాల్సిన ప్రశ్న అని కాదు. ఒక్కసారి పైకి వినాలనిపించింది.

"కట్టాక వాళ్ళ వాళ్ళ వాటా వాళ్ళ దగ్గర రాబట్టుకునే హక్కు మీకుంది" అంది ఆవిడ.

మాస్టరు బెంచీ ఈ చివరా ఆ చివరా చూశాడు. హక్కు వరసగా నీలం గళ్ళు వేసుకుని కూర్చుని ఉంది.

అధికారి పెన్ను మూత తీస్తూ పెడుతూ కాసేపు ఆలోచించింది. "చూడండి, ఆ గది వేలం వేస్తే వచ్చేది బాకీకి బొటాబొటీగా వస్తుంది. బ్యాంకుకీ వేలం తలనొప్పే. నెలనెలా కట్టగలిగితే జప్తు పక్కనపెట్టమని నేను రాయగలను. మీ ఒక్కరి జీతంతో కాదు. ఇంకో ఆదాయం ఉందని చూపించాలి."

"మేం కుడతాం" అన్నాడు ప్రెసిడెంటు వెంటనే. ఈసారి అబద్ధం కాదు కాబట్టి గొంతు వేరేగా వచ్చింది. "అమ్ముడుపోవని బ్యాంకువాళ్ళే వదిలేసిన కోట్లున్నాయి. విప్పేసి సంచులూ దిండు గలేబులూ కుడితే సంతలో అమ్ముకోవచ్చు. ఇళ్ళల్లో పాత మిషన్లు ఉన్నాయి మాకు. వచ్చిందంతా బాకీకే."

"ఎక్కడ కుడతారు? హాలుకి ఈ వారంలో తాళం వేసేస్తున్నారు. చోటు చూపించాలి."

ఎవరూ మాస్టరువైపు చూడలేదు. చూడకుండా ఉండటానికి అందరూ కష్టపడుతున్నారు. కాజాలమ్మ సంచీ గళ్ళని వేలితో లెక్కపెడుతోంది. ఆ చూడకపోవడం అతని మీద పెద్ద చెయ్యిలా ఆనింది.

కాదనొచ్చు. ఎవరూ తప్పుపట్టరు. పైగా ఇంకా బాగా చూసుకుంటారు. అప్పుడు గది ఇంకెవరిదో అవుతుంది, తను తీగ వెనక్కి వెళ్తాడు. అవునంటే గది తనదే. కిటికీ తనదే. ఆ కిటికీలోంచి వచ్చే వెలుగులో ఎవరూ లేనప్పుడు తను ఎలా ఉంటాడో మాత్రం తెలియదు. రెండు దారుల్లో దేన్ని పట్టుకున్నా ఆ ఒక్కటే తప్పించుకుని పోతోంది. ఏ ఒక్కదానికోసం కొన్నాడో అది.

"నా గదిలో" అన్నాడు.

అన్నాక తన గొంతులో పెద్దమనసు లాంటిదేమైనా వినిపిస్తుందేమోనని చెవి పెట్టాడు. లేదు. పన్ను పీకించుకోవడానికి నోరు తెరిచిన మనిషి గొంతు అది.

* * *

సామాను ఎక్కించడానికి ఒక పూట పట్టింది. మూడంతస్తుల మెట్లమీద మిషన్లు ఒక్కొక్కటే వచ్చాయి, ఒక్కో మలుపులో ఒక్కో వాదన చేస్తూ. ముదురెరుపు కోట్లు మూటలు మూటలుగా వచ్చి కిటికీని సగందాకా మూసేశాయి. బ్యాటరీల కొట్టతను కిందినుంచి, "పైన పెళ్ళివారు దిగారా?" అని అరిచాడు. "ఆ, పెళ్ళికొడుకు బాగా సంతోషంగా ఉన్నాడు" అన్నాడు ప్రెసిడెంటు రొప్పుతూ.

మేకులు కొట్టారు. మొదటి మేకుకి మాస్టరు కత్తెర తగిలించాడు బాబాయి. విచారణనాటినుంచి అతను మాస్టరుతో తక్కువ మాట్లాడుతున్నాడు, పని ఎక్కువ చేస్తున్నాడు.

కత్తిరింపుల బల్ల లేదు. హాల్లోది సీలు కింద ఉండిపోయింది. కొత్తది కొనే మాటే లేదు. నేలమీద పరిచి కత్తిరిస్తే నడుం ఉండదు. అందరూ తలలు గోక్కుంటూ చుట్టూ చూశారు. గదిలో బల్లంత పొడుగున్న చెక్క ఒక్కటే ఉంది.

"తలుపు" అంది కాజాలమ్మ.

ఎవరో మాస్టరు ఏమంటాడోనని చూశారు. అతను గుమ్మంలోంచి పక్కకి జరిగాడు. ప్రెసిడెంటూ బాబాయీ మడతబందులు ఊడదీసి, తలుపుని మోసుకొచ్చి రెండు పెట్టెల మీద అడ్డంగా పడుకోబెట్టారు. గుమ్మం నోరు తెరుచుకుంది. అవతల మెట్లూ, అవతల ఇళ్ళవాళ్ళూ, వాళ్ళ రేడియో చప్పుడూ అన్నీ లోపలికొచ్చాయి.

నోటీసు అంటించిన వైపు పైకి వచ్చింది. కాజాలమ్మ అరచేత్తో రాసి చూసి పెదవి విరిచింది. "గరుకు. కాగితం గట్టిగా పట్టేసింది, గీకితే చెక్క లేస్తుంది. గుడ్డ పట్టుకుంటుంది నాయనా. తిప్పెయ్యండి."

తిప్పేశారు. అటువైపు నున్నగా ఉంది. కొత్త రంగు, నీడ కనబడేంత నున్నగా. గడియ ఒక్కటే ఎత్తుగా ఉంది.

"ఇదొక్కటి అడ్డం" అన్నాడు ప్రెసిడెంటు. స్క్రూడ్రైవరు అందుకున్నాడు.

"నేను తీస్తాను" అన్నాడు మాస్టరు.

వంగి విప్పాడు. స్క్రూలు మొండికేశాయి. తన చేత్తో బిగించినవి కదా, ఇంకో రెండు చుట్లు ఎక్కువే తిప్పి. అరచేతిలో ఎర్రటి గుంట పడింది. చివరి స్క్రూ వచ్చాక గడియ ఒకసారి వేశాడు, తీశాడు. అదే మెత్తగా జారింది. ఇప్పుడది దేన్నీ మూయలేదు.

"పాత ఇనుములో వేసేద్దామా?" అని అడిగాడు బాబాయి సాయం చేద్దామని.

"ఉండనీ" అన్నాడు మాస్టరు. మేకుకున్న తన కత్తెర తీసి, అదే మేకుకి గడియ తగిలించాడు.

కోటు ఒకటి విప్పి పరిచారు. ప్రెసిడెంటు కొలత చెప్పాడు. వెనక మిషను ఒకటి అప్పుడే మొదలైంది. ఎవరో ఎవర్నో జరగమంటున్నారు. "కొంచెం ఇటు జరుగు నాయనా, వెలుగు రావట్లేదు" అంది కాజాలమ్మ కిటికీ దగ్గర్నుంచి. జరిగాడు. సుద్ద తీసుకుని గుడ్డ మీద గీత గీశాడు. సగంలో సుద్ద ఎగిరింది. గుడ్డ కింద, గడియ విప్పినచోట, నాలుగు స్క్రూ చిల్లులు. చెరిపి మళ్ళీ గీశాడు. అక్కడే ఎగిరింది.